పెద్దింటి రీళ్ళు, మూడో కుర్చీ



మాస్టారు మాకు చరిత్ర చెప్పేవారు. పుస్తకంలో ఏ ఫోటో కనబడినా ఆయన మొదట అడిగే ప్రశ్న ఒకటే: "ఈ కెమెరా ఎవరిది?" బొమ్మలో ఎవరున్నారన్నది ఆ తర్వాతి సంగతి. ఆయన దగ్గర చదువుకున్న నా సహాధ్యాయులు తలా కొంత వేసుకుని పోగుచేసిన నిధితో జరిపే ఈ ఉపన్యాసానికి నన్ను పిలిచినప్పుడు ఆ ప్రశ్న తప్ప నాకు ఇంకేమీ తోచలేదు. అందుకే రాజకుటుంబాలు, జమీందారీ కుటుంబాలు తమ ఇళ్ళల్లో తమ కోసం తీయించుకున్న కదిలే బొమ్మల గురించి, అవి సినిమాల్లోకి వచ్చినప్పుడు జరిగేదాని గురించి మాట్లాడదామనుకున్నాను. అనంతపురం లాంటి కరువుసీమలో రాజుల రీళ్ళ ముచ్చటేమిటని మీలో కొందరికి అనిపించవచ్చు. నాకు మాత్రం ఈ మాట ఇక్కడే మాట్లాడాలనిపించింది.

ముందు రీలును చేతిలోకి తీసుకుందాం. 1923లో కొడాక్ సంస్థ 16 మిల్లీమీటర్ల ఫిల్మును, దానికి తగిన చిన్న కెమెరాను బజారులోకి తెచ్చింది. అంతకు ముందు సంవత్సరమే ఫ్రాన్సులో పాథే సంస్థ 9.5 మిల్లీమీటర్ల ఫిల్ము తెచ్చింది. అప్పటి దాకా సినిమా తీయాలంటే 35 మిల్లీమీటర్ల నైట్రేట్ ఫిల్ము కావాలి. అది అగ్గిపుల్లలా అంటుకుంటుంది, దాన్ని ఇంట్లో పెట్టుకోవడమే ప్రమాదం. ఈ కొత్త ఫిల్ము అలా భగ్గుమనదు. దాంతో డబ్బున్నవాళ్ళ ఇళ్ళల్లోకి కెమెరా వచ్చేసింది. 1935 నుంచి కోడాక్రోమ్ పుణ్యమా అని రంగులు కూడా వచ్చాయి. మన దేశంలో సంస్థానాధీశులకు, తెల్లదొరలకు, తేయాకు తోటల యజమానులకు అది కొత్త వేడుక అయింది. ఆ దొరల కుటుంబాలు తీసుకున్న రీళ్ళు ఇవాళ కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయంలోని దక్షిణాసియా అధ్యయన కేంద్రంలో భద్రంగా ఉన్నాయి.

నూరడుగుల రీలులో 4,000 బొమ్మలుంటాయి. మూకీల రోజుల్లోలా సెకనుకు 16 చొప్పున తీస్తే అది నాలుగు నిమిషాల పది సెకన్లు నడుస్తుంది. రీలు ఖరీదైనది, అయిపోతే మళ్ళీ తెప్పించుకోవాలి. కాబట్టి ఆ నాలుగు నిమిషాలూ దేనిమీద పెట్టాలో ఇంటివాళ్ళు ముందే అనుకుంటారు. దొరగారు కారు దిగడం, పాపాయి మొదటి అడుగులు, ఏనుగు మీద ఊరేగింపు, పడిన పులి. గుర్రం కళ్ళెం పట్టుకున్నవాడి కోసం ఎవరూ రీలు తిప్పరు. కానీ గుర్రాన్ని తీస్తే కళ్ళెం పట్టుకున్నవాడూ పడతాడు. కెమెరా కన్ను మూసుకోలేదు. దొర కోసం తీసిన బొమ్మలో అంచున గొడుగు పట్టేవాడు, విసనకర్ర విసిరే ఆమె, దివిటీ మోసేవాడు అలా చేరిపోతారు. ఈ రీళ్ళ అసలు విలువ నాకు అక్కడే కనబడుతుంది.

ఇంకో చిన్న సంగతి చెబుతాను, ఇది ఎడిటింగు బల్ల దగ్గర కూర్చున్నవాళ్ళకు బాగా తెలుసు. సెకనుకు 16 బొమ్మలుగా తీసిన రీలును తర్వాతి కాలపు 24 వేగంతో ఆడిస్తే నాలుగు నిమిషాల రీలు 2 నిమిషాల 46 సెకన్లకే అయిపోతుంది. తెర మీద మనుషులు గబగబా కీలుబొమ్మల్లా నడుస్తారు. కుర్చీలో కూర్చున్న రాజుగారికి దానివల్ల వచ్చే నష్టం తక్కువ, ఆయన పెద్దగా కదలడు కదా. పరుగులు తీస్తున్నట్టు, నవ్వొచ్చేట్టు కనబడేది పళ్ళేలు మోసే నౌకర్లు. పాత రీళ్ళు వాడుకున్న డాక్యుమెంటరీలలో ఈ పరుగు చూసినప్పుడల్లా నాకు మనసు చివుక్కుమంటుంది. వేగాన్ని సరిచేసి చూడండి, అదే మనిషి నింపాదిగా, ఒలకకుండా, తన పని తెలిసినవాడి నడకతో వస్తాడు.

ఇప్పుడు సినిమా దగ్గరికి వస్తాను. 1975లో జేమ్స్ ఐవరీ దర్శకత్వంలో, ఇస్మాయిల్ మర్చంట్ నిర్మాణంలో "ఆటోబయోగ్రఫీ ఆఫ్ ఎ ప్రిన్సెస్" అనే సినిమా వచ్చింది. గంట కూడా ఉండదు. రాసింది రూత్ ప్రవర్ ఝాబ్వాలా. రాజభరణాలు 1971లో రద్దయి అప్పటికి నాలుగేళ్ళు. లండన్‌లో ఒక చిన్న ఫ్లాటు. అందులో ఉండే రాకుమారి ఏటా తన తండ్రి పుట్టినరోజున ఆయన దగ్గర ఒకప్పుడు కొలువు చేసిన ముసలి ఇంగ్లీషాయన్ని టీకి పిలుస్తుంది. రాకుమారిగా మధుర్ జాఫ్రీ, ఆ ఇంగ్లీషాయనగా జేమ్స్ మేసన్. ఇద్దరూ కుర్చీలు వేసుకుని, ప్రొజెక్టరు పెట్టుకుని పాత రీళ్ళు చూస్తారు. కథ కల్పితం, రీళ్ళు మాత్రం నిజమైనవి. పాత సంస్థానాల నుంచి ఐవరీ, మర్చంట్ ఏరి తెచ్చుకున్న అసలు బొమ్మలు అవి.

తెర మీద నడిచేది ఒకే బొమ్మ. చూసే ఇద్దరికీ కనబడేది ఒకటి కాదు. ఆమెకు ఆ తండ్రి దేవుడు. ఆ ఇంగ్లీషాయన మొహంలో మాత్రం ఇబ్బంది కదులుతుంది. ఆ మహారాజు మంచీ చెడూ ఆయనకు తెలుసు, లండన్ హోటల్లో పరువు పోయిన సంగతీ తెలుసు. తన యౌవనమంతా ఆ కొలువులో కరిగిపోయిందన్న బాధ ఉంది. పైకి అనడు. రాకుమారి ముచ్చటగా చెబుతూ పోతుంటే టీ తాగుతూ వింటాడు. పాత రీళ్ళు వాడుకున్న సినిమాలు ఎన్నో చూశాను. సాధారణంగా వాటిని కాలం చెప్పే గోడగడియారంలా వాడతారు, "అదిగో ఆ రోజులు" అనిపించడానికి ఓ అర నిమిషం. ఐవరీ అలా చేయలేదు. రీలు ముందు సాక్షులను కూర్చోబెట్టాడు. రీలు తనంతట తాను నిజం చెప్పదని, ఎవరు చూస్తున్నారన్నదాన్ని బట్టి మాట్లాడుతుందని ఇంత సూటిగా చూపించిన సినిమా నాకు ఇంకోటి తెలియదు. ఝాబ్వాలాకు అదే ఏడు బుకర్ బహుమతి తెచ్చిన "హీట్ అండ్ డస్ట్" నవలను ఇదే బృందం తర్వాత మన హైదరాబాదులో తీసింది, 1983లో అది విడుదలైంది.

ఇంత ఇష్టమైన సినిమా మీద కూడా నాకో ఫిర్యాదు ఉంది. ఆ గదిలో కుర్చీలు రెండే. ఒకటి రాజు కూతురిది, ఒకటి రాజు కొలువులో ఉన్న దొరది. కళ్ళెం పట్టుకున్నవాడి కొడుకో, అంతఃపురంలో గిన్నెలు తోమిన ఆమె మనవరాలో ఆ తెర ముందు కూర్చుంటే ఏమనేవారు? ఆ మూడో కుర్చీ అక్కడ లేదు.

సంస్థానాల మాట వచ్చింది కాబట్టి ఒక్క నిమిషం రాజస్థాన్‌లో ఆగుతాను. వానలు తక్కువ పడే జిల్లాల్లో జైసల్మేరు తర్వాత మనదేనని మనం బడిలో చదువుకున్నాం. సాలుకు 550 మిల్లీమీటర్లు, అదీ మేఘం దయ. జైసల్మేరు పక్కన జోధ్‌పూరులో మహారాజా ఉమేద్ సింగ్ 1929లో ఒక భవనం మొదలుపెట్టి 1943కు పూర్తి చేశాడు. 347 గదులు. కరువులో జనానికి పని కల్పించడానికే అది కట్టించారని చెబుతారు, వేలమంది అందులో కూలి చేశారు. మన భాషలో చెప్పాలంటే అది కరువు పని. మన దగ్గర కరువు పనుల్లో చెరువు పూడిక తీశారు, రోడ్డుకు కంకర కొట్టారు. అక్కడ రాజుగారికి మేడ కట్టారు. ఆ మేడలో తర్వాత తీసిన ఏ రీలు చూసినా, మెట్లు దిగే రాణిగారి కంటే ముందు నాకు మెట్టుకు రాయి మోసిన మనిషి గుర్తొస్తాడు. కరువుసీమలో పుట్టిన కన్ను అది.

మరి మన పీఠభూమిలో ఇలాంటి రాచరీళ్ళు లేకపోవడానికి కారణం ఏమిటి? అది కూడా చరిత్రే. 1776లో హైదర్ అలీ ముట్టడిలో గుత్తి కోట నీళ్ళు అడుగంటి లొంగిపోయింది, మురారిరావు ఘోర్పడే చెరసాలలో పోయాడు. ఘోర్పడేల సంస్థానం పడమట సండూరులో మిగిలింది. ఆ ఇంటి నుంచే తర్వాతి కాలంలో ఎం.వై. ఘోర్పడే వచ్చాడు. కర్ణాటకలో మంత్రిగా చేస్తూనే కెమెరా పట్టుకుని అడవులు తిరిగి, నలుపు తెలుపుల్లో వన్యమృగాల ఫోటోలు తీసి పేరు తెచ్చుకున్నాడు. ఇక్కడ మాత్రం 1800లో నిజాం ఈ జిల్లాలను కుంపిణీకి దత్తం చేశాక థామస్ మన్రో వచ్చాడు. సుమారు 80 మంది పాలెగాళ్ళు ఉంటే వారి బలగాలను చెదరగొట్టి, కొందరికి పింఛనిచ్చి కూర్చోబెట్టి, రైతుతో నేరుగా శిస్తు కట్టించుకున్నాడు. ఉత్తరాదిలా, సర్కారు జిల్లాల్లా పెద్ద జమీలు ఇక్కడ మిగలలేదు. కెమెరా ఇళ్ళలోకి వచ్చేనాటికి కెమెరా కొనే కొలువులు ఇక్కడ లేవు.

మన సీమ వైపు కెమెరా తొలి రోజుల్లో తిరిగింది ఆకలిని చూడటానికి. 1876-78 కరువులో విల్లోబీ హూపర్ అనే సైనికాధికారి మద్రాసు రాజధానిలో ఎముకలగూళ్ళలాంటి మనుషులను వరసగా కూర్చోబెట్టి, నిలబెట్టి ఫోటోలు తీశాడు. ఫోటో తీసి వదిలేశాడని, గుక్కెడు గంజి పోయలేదని అప్పట్లోనే అతన్ని తప్పుపట్టారు. అప్పటికి అనంతపురం జిల్లా పుట్టలేదు, బళ్ళారిలో భాగం. 1882లో విడదీశారు. బళ్ళారి అంతా ఆ కరువులో మలమల మాడింది. ఆ ఫోటోల్లో ఒక్కరి పేరూ లేదు. అదే కాలంలో రాజుల ఆల్బమ్‌లలో పులుల పొడవు సహా రాసి ఉండేది.

తెలుగు జమీందార్లు సినిమాకు దూరంగా ఏమీ లేరు. వాళ్ళు ఇంటి కెమెరాతో ఆగక, ఏకంగా స్టూడియోలు పెట్టారు. మీర్జాపురం రాజా మద్రాసులో శోభనాచల స్టూడియో నడిపాడు, 1949లో "కీలుగుర్రం" తీశాడు. ఆయన భార్య కృష్ణవేణి అదే సంవత్సరం నిర్మించిన "మనదేశం"తో ఎన్టీ రామారావు తెరకెక్కాడు. చల్లపల్లి రాజా యార్లగడ్డ శివరామప్రసాద్ సారథి ఫిల్మ్స్‌కు అండగా నిలిచాడు. ఆ సంస్థ నుంచి గూడవల్లి రామబ్రహ్మం 1938లో "మాలపిల్ల", 1939లో "రైతుబిడ్డ" తీశాడు. జమీందారీ దోపిడీ మీద తీసిన ఈ రెండో సినిమా వెనక ఒక జమీందారు డబ్బు! ఇతర జమీందార్లు మండిపడ్డారు, సినిమా నిషేధాన్ని కూడా ఎదుర్కొంది. అందులో వేషం కట్టిన బళ్ళారి రాఘవ మన తాడిపత్రిలో పుట్టినవాడు. మన జిల్లావాడు ఆ సినిమాలో ఉండటం నాకు ఎప్పుడూ గర్వంగానే ఉంటుంది. 

మన సినిమాకు గడీలు, కోటలు, బంగళాలు దొరికాయి. బనగానపల్లె నవాబు బంగళా 2009లో "అరుంధతి"లో గడీ అయింది, ఇప్పుడు జనం దాన్ని అరుంధతి బంగళా అనే పిలుస్తున్నారు. గోడలు దొరికినంత సులువుగా ఆ గోడల మధ్య బతికిన మామూలు మనుషుల బొమ్మలు దొరకవు. 1902లో వైస్రాయి కర్జన్, ఆయన భార్య వరంగల్లు దగ్గర నెక్కొండ అడవిలో చచ్చిన పులి పక్కన దిగిన ఫోటో లాలా దీన్‌దయాళ్ తీశాడు. జగమెరిగిన ఫోటో అది. పులిని తుపాకీ ముందుకు తోలడానికి డప్పులు కొడుతూ పొదలు బాదుతూ వచ్చేవాళ్ళు చుట్టుపక్కల పల్లెల జనం. వాళ్ళ కథ కావాలంటే ఇంకెక్కడో వెతకాలి.

బి. నర్సింగరావు 1988లో తీసిన "దాసి"ని నేను ఆ వెతుకులాటగా చూస్తాను. నర్సింగరావు స్వయంగా భూస్వామి ఇంట పుట్టినవాడు. గడీ లోపలి వాసన తెలిసినవాడు. కమలాక్షి అనే దాసి, దొర, దొరసాని. అర్చన ఆ పాత్రలో మాట్లాడేది బహు తక్కువ. ఎ.కె. బీర్ కెమెరా దాసి కూర్చున్న ఎత్తులో కూర్చుని చూస్తుంది. తోట వైకుంఠం కళాదర్శకత్వం. అయిదు జాతీయ పురస్కారాలు వచ్చాయి. గడీలో నిజంగా ఇంటి కెమెరా ఉండి ఉంటే దొరసాని నగలను తీసేది. వెనక దీపం పట్టుకున్న చేయిని అంచున కోసేసేది. నర్సింగరావు ఆ కోసేసిన చేయి దగ్గర మొదలుపెట్టి సినిమా అల్లాడు. లేని రీలును జ్ఞాపకంతో, విన్నదానితో తయారుచేసుకున్నాడు. ఐవరీ సినిమాలో లేని మూడో కుర్చీ తెలుగులో ఇలా పడింది.

అసలు రీళ్ళతోనే ఆ పని చేసినవాడు హంగేరీ దర్శకుడు పీటర్ ఫోర్గాచ్. 1997లో ఆయన తీసిన "ది మేల్‌స్ట్రామ్" చూడండని ఇక్కడున్న పిల్లలను బతిమాలుతున్నాను. హాలండులో పీరబూమ్ అనే యూదు కుటుంబం తమ పెళ్ళిళ్ళు, సముద్రతీరాలు, పిల్లల ఆటలు తీసుకుంది. నాజీలు హాలండును ఆక్రమించినప్పుడు హిట్లర్ అక్కడ నియమించిన పాలకుడు జైస్-ఇన్క్వార్ట్. అతని కుటుంబానికీ ఇంటి రీళ్ళున్నాయి, వాళ్ళూ పిల్లలతో ఆడుకున్నారు, మంచు మీద జారారు. ఫోర్గాచ్ ఈ రెండిళ్ళ రీళ్ళనూ ఒకే సినిమాలో పక్కపక్కన పెట్టాడు. తిట్టలేదు, ఏడిపించే సంగీతం కుమ్మరించలేదు. పేర్లు రాశాడు, తేదీలు రాశాడు, అవసరమైన చోట బొమ్మను నెమ్మది చేశాడు, ఆపాడు. చివరికి పీరబూమ్ ఇంటివాళ్ళు శిబిరానికి తీసుకుపోయే ప్రయాణానికి బట్టలు కుట్టుకుంటూ, సర్దుకుంటూ కనిపిస్తారు. ఎక్కడికో వాళ్ళకు తెలియదు, మనకు తెలుసు. ఏలినవాడి ఇంటి రీలు ఒక్కటే చూస్తే ముచ్చటైన సంసారం. పక్కన ఇంకో ఇంటి రీలు పెట్టగానే గుండె ఆగుతుంది.

పాత పెద్దకుటుంబాల వారితో నాకు పరిచయాలున్నాయి, వారి భయం నాకు అర్థమవుతుంది. తాతగారి రీలు ఇస్తే సినిమావాళ్ళు దాన్ని తీసుకుపోయి తాతను రాక్షసుణ్ణి చేస్తారని భయం. ఆ భయంతో అటక మీదే ఉంచుతారు. అటక మీద వేసవి తాపానికి అసిటేటు ఫిల్ము కుళ్ళుతుంది, మూత తీస్తే వెనిగర్ ఘాటు గుప్పుమంటుంది. ఆ వాసన ఒక్కసారి పట్టిందంటే వెనక్కి పోదు, చుట్ట కుంచించుకుపోయి విరుగుతుంది. దాచుకున్న తాత అలా కూడా పోతాడు. ఆయన వెనక గొడుగు పట్టినవాడూ ఆయనతోపాటే పోతాడు, అతనికి వేరే ఫోటో ఎక్కడా ఉండదు. ఇచ్చేవాళ్ళు షరతులు పెట్టుకోవచ్చు, అది వారి హక్కు. తీసుకున్న దర్శకుడు ఆ ఇంటి ప్రేమను కూడా గౌరవించాలి. రాకుమారి తండ్రిని ప్రేమించడం అబద్ధం కాదు. కానీ రీలులో ఉన్న ప్రతి మనిషికీ తన బొమ్మలో వాటా ఉందని ఇద్దరూ ఒప్పుకోవాలి. నేను ఎక్కడికి వెళ్ళినా ఈ మాట మీదే గట్టిగా నిలబడతాను.

దాచే చోట్లు లేకపోలేదు. పుణేలో జాతీయ ఫిల్ము ఆర్కైవు 1964లో మొదలైంది, పి.కె. నాయర్ తన బతుకంతా దానికి పెట్టాడు. అక్కడా 2003లో నిప్పంటుకుని ఎన్నో పాత నైట్రేట్ రీళ్ళు బూడిదయ్యాయి. నాయర్ మీద 2012లో "సెల్యులాయిడ్ మ్యాన్" తీసిన శివేంద్ర సింగ్ డుంగర్పూర్ రాజకుటుంబపు బిడ్డ. ఆయన 2014లో ఫిల్మ్ హెరిటేజ్ ఫౌండేషన్ పెట్టి, రీళ్ళు కాపాడే విద్యను ఊరూరా నేర్పిస్తున్నాడు, 2019లో హైదరాబాదులోనూ నేర్పించాడు. రాజుల ఇంటి నుంచి వచ్చిన మనిషి అందరి రీళ్ళూ కాపాడటానికి తిరుగుతున్నాడు, అతనికి నా దండం.

ఇక మన ఇంటి సంగతి. అనంతపురంలో 16 మిల్లీమీటర్ల రీళ్ళు లేకపోవచ్చు. పెళ్ళి క్యాసెట్లు ఉన్నాయి. వీడియో క్యాసెట్ల రోజుల్లో ఊళ్ళో పెద్దింటివాళ్ళు టౌను నుంచి కెమెరా, లైట్లు తెప్పించి మూడేసి గంటల క్యాసెట్లు నింపారు. అవి ఇప్పుడు బూజు పడుతున్నాయి. ఆడించే యంత్రాల తయారీ కూడా 2016తో ఆగిపోయింది. ఇవి మన రాచరీళ్ళు.

పాలెగాళ్ళ వంశమని చెప్పుకునే ఒకింట్లో, పేరు చెప్పను, అలాంటి నాలుగు క్యాసెట్లు కంప్యూటరులోకి ఎక్కించడానికి పోయిన ఏడు నేను సాయం చేశాను. 80ల చివరి పెళ్ళి. పందిట్లో మూడో బంతి భోజనాలు. లైటు పట్టినవాడు పెళ్ళికూతురి మేనమామల వైపు తిరిగేలోపు, అంచున ఒకాయన చెంబుతో నీళ్ళు పోస్తూ వరస వెంట నడుస్తాడు. పదకొండు సెకన్లు. తర్వాత లైటు తిరిగిపోతుంది, ఆయన చీకట్లో కలిసిపోతాడు. ఆ సాలు కూడా శనక్కాయ ఎండిపోయిందని, ఆ పెళ్ళయిన కొన్నాళ్ళకే ఆయన బెంగళూరుకు కూలికి పోయి తిరిగి రాలేదని ఇంటి పెద్దాయన చెప్పాడు. ఆయన కూతురు ఊళ్ళోనే ఉంది, కబురు పెడదామన్నాను.

ఆమె వచ్చి గడప దగ్గరే నిలబడింది. ఇంటావిడ రెండుసార్లు "లోపలికి రామ్మా, కూర్చో" అంటే వచ్చి కుర్చీ అంచున కూర్చుంది. తండ్రి పోయేనాటికి తనకు నాలుగేళ్ళంట, మొహం గుర్తు లేదంట, ఇంట్లో ఫోటో లేదంట. నేను ఆడించాను. పదకొండు సెకన్లు అయిపోయాయి. ఆమె ఏడవలేదు. కొంచెం ముందుకు వంగింది.

"ఇంగొగ తూరి ఏయి సార్."

మళ్ళీ వేశాను. నాలుగో తూరికి తెర దగ్గరికి లేచిపోయి వేలు పెట్టి చూపించింది.

"చూడు సార్, మా నాయన ఎడమచేత్తో పోస్తాండాడు. మా పెద్దోడూ అంతే. అన్నం తిన్యాకి కుడిచేయి అలవాటు చేయల్లని ఎంత కొట్టినామో వాణ్ని. యాడ్నించి వచ్చెరా నీకీ చేయి అని."

ఆ చేయి కనబడేచోట బొమ్మను ఆపమంది. ఆపాను. పెద్దాయన, ఇంటావిడ, నేను వెనక్కి జరిగి ఆమెకు తెర అడ్డం లేకుండా నిలబడ్డాం. ఆమె కొడుక్కి ఫోను చేసి, పని వదిలి ఇప్పుడే రమ్మంది.